నా సినిమాలో ఆమె గొంతు లేదు

నేను మాట్లాడే తెలుగు తప్పని నాకు మొదట చెప్పింది బళ్లో పంతులు కాదు, టీవీ సీరియల్ సెట్లో ఒక కో-డైరెక్టర్. అప్పుడే అసిస్టెంటుగా చేరాను. కెమెరా పక్కన నిలబడి ఒక నటికి డైలాగు అందిస్తున్నాను. కాగితం మీద ‘ఎక్కడికి వెళ్తున్నావు?’ అని ఉంది. నా నోట్లోంచి ‘ఏడికి పోతున్నవ్?’ అని వచ్చింది. సెట్టంతా నవ్వింది. ఆ నటి కూడా నవ్వింది, కాటుక చెదరకుండా జాగ్రత్తగా. కో-డైరెక్టర్ నా భుజం మీద చెయ్యి వేసి, “ఇది పనిమనిషి సీను కాదు బాబూ” అన్నాడు. చాలా మెల్లగా, ప్రేమగానే అన్నాడు.

మాది చిక్కడపల్లి. మెయిన్ రోడ్డు నుంచి లోపలికి తిరిగే సందులో నాన్నకు మైకుసెట్లు కిరాయికిచ్చే దుకాణం ఉండేది. పెళ్లిళ్లకు, వినాయక చవితికి, నాటకాలకు, పార్టీల మీటింగులకు మా మైకులే వెళ్లేవి. ఇంట్లో, దుకాణంలో, చుట్టాలతో మేం మాట్లాడేది ఒక తెలుగు. పనిలో కావలసింది ఇంకో తెలుగు. కష్టపడి దాన్ని నేర్చుకున్నాను. కొన్నేళ్లకు నేను ఫోనెత్తితే అవతలివాళ్లు “మీది తెనాలి వైపా అండీ?” అని అడిగేవాళ్లు. సిగ్గులేకుండా సంతోషపడేవాణ్ణి.

అలా నేర్చుకున్న తెలుగుతోనే దర్శకుణ్ణయ్యాను. వారానికి ఐదు రోజులు వచ్చే సీరియల్. కిరాయికి తీసుకున్న బంగళాలో ఒకే హాలు, ఒకే మెట్లు. అత్త ఒక మాట అంటే కోడలి ముఖం, ఆడబిడ్డ ముఖం, మామగారి ముఖం వరసగా చూపించి మళ్లీ అత్త దగ్గరికి రావాలి. ఆ ఇంట్లో నగలు పెట్టుకున్నవాళ్లంతా ఒక రకంగా మాట్లాడతారు. చీపురు పట్టుకున్నవాళ్లు, కారు నడిపేవాళ్లు, గూండాలు మా ఇంట్లోవాళ్లలాగా మాట్లాడతారు. చానల్లో కథలు చూసే అమ్మాయి ఫోన్ చేసి, “ఎపిసోడ్ డల్‌గా ఉంది సార్, డ్రైవర్‌కి కొంచెం స్లాంగ్ పెట్టండి, కామెడీ వస్తుంది” అనేది. పెట్టేవాణ్ణి. కామెడీ వచ్చేది. ఇంట్లో అమ్మ కూడా నవ్వేది. తనలాగే మాట్లాడుతున్నాడని ఆమెకు తట్టేది కాదు.

ఆ రోజుల్లోనే ఒక నాటకాల నటిని చూశాను. చిక్కడపల్లిలో సభలు జరిగే హాల్లో నాటకాల పోటీలు. మైకులు మావే కాబట్టి నాన్నతో వెళ్లాను. ఒక నాటకంలో యాభై దాటిన ఆవిడ కిరాణా కొట్టువాడితో గొడవపడుతోంది. గొంతు పెంచలేదు, చేతులూపలేదు. మా సందులో నల్లా దగ్గర మాట్లాడినట్టే మాట్లాడింది. హాల్లో విసనకర్రల చప్పుడు కూడా ఆగిపోయింది. నాన్న మైకు డబ్బా మీద చెయ్యి వేసి, “ఈమెకు మైకు అక్కర్లేదురా” అన్నాడు.

నాటకం అయ్యాక లోపలికి వెళ్లాను. కొబ్బరినూనెతో మేకప్ తుడుచుకుంటోంది. నేను ఫలానా సీరియల్ దర్శకుణ్ణని చెప్పుకున్నాను.

“ఎర్కనే తమ్మీ. మా ఇంటాయన చూస్తడు. నేను చూడ” అంది.

“ఎందుకక్కా?”

“అండ్ల మనసొంటోళ్లు తలుపులు తీసెటందుకే ఉంటరు గద.”

కోపంగా అనలేదు. చెవి వెనక మిగిలిన రంగు తుడుచుకుంటూ అంది. ఆ రోజు నుంచి ఆమెను అక్క అనే పిలిచాను. బషీర్‌బాగ్‌లో ఒక ఆఫీసులో టైపిస్టు. నారాయణగూడలో మేడ మీద రెండు గదుల పోర్షన్‌లో ఉండేవాళ్లు. ఇంటాయన కోఠిలో ఒక పుస్తకాల దుకాణంలో పనిచేసేవాడు. పిల్లలు లేరు. సాయంత్రాలు రిహార్సళ్లు, ఆదివారాలు నాటకాలు.

ఆమె కోసమే సినిమా కథ రాశాను. అశోక్‌నగర్‌లో మెస్ నడిపే ఒక ఆడమనిషి కథ. ఆ వీధుల్లో పెరిగినవాడికి అది వెతుక్కోవలసిన కథ కాదు. ఉద్యోగాల పరీక్షలకు చదువుకోవడానికి జిల్లాల నుంచి వచ్చి, పది మంది ఒక గదిలో ఉండి, నోటిఫికేషన్ ఎప్పుడు పడుతుందా అని ఏళ్లు గడిపేవాళ్లు, వాళ్లకు అన్నం పెట్టే మనిషి. ఇద్దరు ముగ్గురు నిర్మాతలు విని, “హీరో ఎవరు?” అని అడిగి లేచిపోయారు. చివరికి అశోక్‌నగర్‌లోనే ఉండే ఒక బిల్డర్ ఒప్పుకున్నారు. వాళ్ల నాన్నగారి కాలంలో కోస్తా నుంచి వచ్చి స్థిరపడ్డ కుటుంబం. మంచి మనిషి. కథ వింటూ రెండుసార్లు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. సినిమా అంతా ఈ మనుషులు మాట్లాడే భాషలోనే ఉంటుందని ముందే చెప్పాను. “అలాగే కానివ్వండి, డైరెక్టరు మీరు” అన్నారు.

ఆ షూటింగ్ రోజులే నా జీవితంలో నేను దర్శకుడిగా బతికిన రోజులు. అశోక్‌నగర్ సందులో నిజమైన మెస్‌నే తీసుకున్నాం. బల్లల దగ్గర కూర్చున్నవాళ్లు నిజంగా అక్కడ తినే కుర్రాళ్లే. ఒక సీను ఉంది. పరీక్ష మళ్లీ పోయిన ఒకడు ఊరికి తిరిగి వెళ్లిపోతానని సంచి సర్దుకుని వస్తాడు. పళ్లెం ముందు కూర్చుని అన్నం ముట్టడు. ఆమె చారు పోస్తూ ఏదో ఓదార్పు చెప్పాలి. నేను నాలుగు వాక్యాలు రాశాను. ఆమె చదివి, “ఇంత మాట్లాడదు తమ్మీ, ఆమెకు ఇంకో పదిమందికి వడ్డించే పనున్నది” అంది. టేక్‌లో గరిటె గిన్నెలో పెట్టి వాడి ముఖంలోకి కూడా చూడకుండా అంది:

“తినురా. తిన్నంక ఏడువు. నేనేమన్న వద్దంటున్ననా?”

షాట్ అయ్యేదాకా తింటూనే ఉండాలని చుట్టూ ఉన్న కుర్రాళ్లకు చెప్పి పెట్టాం. వాళ్లంతా ఆగిపోయారు. ఒకడు చేతిలో ముద్ద అలాగే పట్టుకుని ఆమెనే చూస్తున్నాడు. కట్ చెప్పాల్సినవాణ్ణి, చెప్పలేదు. అదే టేక్ ఉంచేశాను.

సెట్లో రికార్డయిన శబ్దం పనికిరాదు కాబట్టి తర్వాత డబ్బింగ్ చెప్పించాలి. ఆఫీసుకు సెలవు పెట్టి వచ్చి ఆమె పాత్రంతా చెప్పింది. పక్కనే కూర్చుని ప్రతి మాటా విన్నాను. ఎడిటింగ్ అయింది. అప్పుడు నిర్మాతగారు, “మ్యూజిక్కు, మిక్సింగు మద్రాసులో మావాళ్లు చూసుకుంటారు, మీరు ఇక్కడ పోస్టర్ల సంగతి చూడండి” అన్నారు. రెండుసార్లు నేనూ వస్తానన్నాను. రెండుసార్లూ టికెట్టు రాలేదు. మొదటి కాపీ చూపించమంటే, “జనంతో కలిసి చూద్దామండీ, ఆ మజాయే వేరు” అన్నారు.

రిలీజు రోజు క్రాస్ రోడ్స్‌లో ఒక థియేటర్లో మధ్యాహ్నం ఆట. అక్క పట్టుచీర కట్టుకుని వచ్చింది. ఆఫీసు నుంచి తనతో పనిచేసేవాళ్లను వెంటబెట్టుకొచ్చింది. ఇంటాయన కొత్త చొక్కా వేసుకున్నాడు. నాన్న నా పక్కన కూర్చున్నాడు. పేర్లు పడ్డాయి. ఆమె పేరు మొదట, ఒంటరిగా పడింది. ఆఫీసువాళ్లు చప్పట్లు కొట్టారు. తర్వాత తెర మీద మెస్ తలుపు తెరుచుకుంది. ఆమె నోరు తెరిచింది.

నాన్న చెవి దగ్గర చెయ్యి పెట్టుకున్నాడు. “గిది ఆమె గొంతు కాదు గదరా” అన్నాడు.

థియేటర్లో సౌండ్ తేడా అనుకున్నాను. రెండో మాట వచ్చింది, మూడోది వచ్చింది. తేనెలాంటి గొంతు. నేను సీరియల్లో ఎన్నోసార్లు వాడుకున్న గొంతు. ఆ డబ్బింగ్ చెప్పిన అమ్మాయి నాకు తెలుసు. ఆమె తప్పేమీ లేదు, పిలిస్తే వెళ్లి చెప్పి వచ్చింది. పొయ్యి దగ్గర చెమటతో నిలబడ్డ మా అక్క నోట్లోంచి జమీందారు గారి కోడలు మాట్లాడుతోంది. అక్క సీటు అంచుకు జరిగి ముందుకు వంగి చూసింది. కాసేపటికి మెల్లగా వెనక్కి వాలింది. ఆఫీసువాళ్లు తెర వైపు చూసి ఆమె వైపు చూసి మళ్లీ తెర వైపు తిరిగారు.

ఆ అన్నం సీను వచ్చింది. గరిటె పెట్టి, ముఖం చూడకుండా, ఆ గొంతు అంది: “ముందు భోజనం చెయ్యి నాయనా. ఆ తర్వాత బాధపడుదువుగానీ. నేనేమైనా కాదన్నానా?” పెదాలు ముందే మూతపడ్డాయి. మాట ఇంకా వస్తూనే ఉంది. వెనక వరసలో ఎవడో ఫోనెత్తి, థియేటర్లో ఉన్నానని, ఖాళీగానే ఉన్నానని చెప్పుకుంటున్నాడు.

ఇంటర్వెల్‌లో ఆమె లేవలేదు. చివరిదాకా చూసింది. బయటికొచ్చాక ఆఫీసువాళ్లు, “మంచిగ చేసిన్రు మేడమ్” అని చెప్పి గబగబా బస్సెక్కారు. ఇంటాయన అమాయకంగా, “గొంతు చెప్పే దినం నీకు పానం బాగలేకుండెనా?” అని అడిగాడు.

“నాకేమైంది. మంచిగనే ఉంటిని” అని నా వైపు తిరిగింది. “తమ్మీ, నీకు ఎర్కనా ఈ సంగతి?”

“ఎర్కలేదక్కా. నిజంగ ఎర్కలేదు.”

నా ముఖం చూసింది. నమ్మినట్టే తలూపింది. “సరే పో. ఎండల నిలబడకు” అని ఆటో ఎక్కింది. ఆ మాట ఇప్పటికీ మింగుడుపడదు. తిట్టి ఉంటే బాగుండేది.

మర్నాడు పొద్దున నిర్మాతగారింటికి వెళ్లాను. ఆవేశంగా వెళ్లినవాణ్ణి కూర్చోబెట్టి, భార్యను పిలిచి ఉప్మా పెట్టించారు.

“ఆమె గొంతు ఎందుకు తీసేశారండీ?” అన్నాను.

“సినిమా కొనే బయ్యర్లకు వేసి చూపించామండీ. అందరూ ఒకటే మాట. సినిమా మొత్తం మోసే పాత్ర పనిమనిషిలా మాట్లాడితే జనం ఎలా ఒప్పుకుంటారు?”

“మా అమ్మ గట్లనే మాట్లాడుతది” అన్నాను. ఒక నిర్మాత ముందు నా మాట నా నోటికి రావడం అదే మొదటిసారి. నాకే కొత్తగా వినిపించింది.

“అమ్మ వేరు, సినిమా వేరు కదండీ” అన్నారాయన. “ఉప్మా చల్లారిపోతోంది, తినండి.”

ఆయనకు తను ఏం చేశాడో నిజంగా తెలియదు. ఆ మర్యాదే నన్ను ఎక్కువ కాల్చింది. అరిచి గొడవ చేసేవాడైతే నేనూ అరిచి బయటపడేవాణ్ణి. దర్శకుల సంఘంలో పెద్దల దగ్గరికి వెళ్తే, అగ్రిమెంటు ప్రకారం చివరి నిర్ణయం నిర్మాతదేనని, సంతకం నువ్వే పెట్టావని చెప్పి టీ ఇచ్చి పంపించారు. వారం తిరక్కుండా సినిమా ఎత్తేశారు. ఒక పత్రికలో రాశారు: ‘ప్రధాన పాత్రధారిణి ముఖానికి గొంతు అతకలేదు, దర్శకుడు సహజత్వం మీద శ్రద్ధ పెట్టాల్సింది.’ ఆ వాక్యం రాసినవాడి మీద నాకు కోపం లేదు. వాడు చూసింది సరిగ్గానే చూశాడు.

తర్వాత సినిమా ఇచ్చినవాళ్లు లేరు. మళ్లీ ఆ బంగళా, ఆ మెట్లు, ముఖాలు వరసగా. నాన్న పోయాడు, మైకుసెట్ల దుకాణం ఉన్న చోట ఇప్పుడు మొబైల్ కవర్లు అమ్ముతున్నారు. ఏళ్ల తర్వాత ఒక సీరియల్‌లో పనిమనిషి పాత్రకు మనిషి కావలసి వచ్చింది. రోజూ కనపడే పాత్ర, మాటలు ఎక్కువ. అక్క అప్పటికి రిటైరైంది. అడగాలా వద్దా అని నారాయణగూడ చౌరస్తాలో చాలాసేపు తిరిగి, చివరికి మెట్లెక్కాను.

నేను నీళ్లు నమిలేలోపే నవ్వింది. “తలుపు తీసుడేనా?”

“తీసినంక మాట్లాడుడు గూడ ఉంటదక్కా.”

“ఎవ్వల గొంతుతోని?”

“నీ గొంతే. సెట్ల ఎట్ల మాట్లాడితే అట్లనే పోతది. నేను చూసుకుంట.”

ఒప్పుకుంది. కొన్ని నెలలకు నారాయణగూడ మార్కెట్లో కూరగాయలమ్మేవాళ్లు ఆమెను ఆపి మాట్లాడడం మొదలుపెట్టారు. ఆమె మాట వింటే సీరియల్లో మిగతావాళ్లు కాగితం చూసి చదువుతున్నట్టుండేది. అదే గొడవైంది. చానల్‌వాళ్లు ఆ పాత్రకు ఇంకా ‘కామెడీ’ పెంచమన్నారు. కాలు జారి పడాలి. ఇంగ్లీషు తప్పు మాట్లాడాలి. యజమానురాలు చెంప మీద కొట్టాలి, వెనక డప్పు మోగాలి. పడింది, ఇంగ్లీషూ మాట్లాడింది. చెంపదెబ్బ సీను ఉన్న రోజు కాగితం నా చేతికిచ్చి, “గిది నాతోని కాదు తమ్మీ. నాకోసమని నువ్వు కొట్లాట పెట్టుకోకు” అని చీర మార్చుకుని వెళ్లిపోయింది. కొట్లాట పెట్టుకున్నాను. ఏమీ కాలేదు. ఆ పాత్ర ఊరికి వెళ్లిపోయిందని అత్తగారితో ఒక్క మాట చెప్పించమన్నారు. చెప్పించాను. ఒక్క టేక్‌లో ఓకే అయింది.

రాష్ట్రం వచ్చింది. కొన్నాళ్లకు సినిమాల్లో గాలి మారింది. ఇన్నాళ్లు పనికిరాని మా మాట ఇప్పుడు పోస్టర్ల మీదికొచ్చింది. హీరోలు ఒకరి తర్వాత ఒకరు నేర్చుకుని మాట్లాడుతున్నారు. నేను సంతోషించాలి కదా. సంతోషించలేకపోయాను. ఎండిపోయిన చెట్టుకు వాన పడితే ఏం చేసుకుంటుంది?

ఒక రోజు జూబ్లీహిల్స్ నుంచి ఫోన్. కొత్త దర్శకుడు, చాలా వినయంగా మాట్లాడాడు. “సార్, మీరు అప్పట్లనే ఇట్లాంటిది ట్రై చేసిన్రంట గద. మా హీరోయిన్‌ది ముంబై. డబ్బింగ్ అమ్మాయికి ఒరిజినల్ యాస వినిపియ్యాలె. మీకు ఎవరన్న ఎర్కనా?” నన్ను ఏదైనా రాయమంటాడేమో, ఎక్కడైనా నిలబెట్టుకుంటాడేమో అని ఒక్క క్షణం ఆశపడ్డాను. తర్వాత అక్క పేరు చెప్పాను. మనిషిని చూస్తే పాత్ర కూడా ఇస్తారనుకున్నాను.

ఇచ్చారు. ఒక సీను తీశారు. అంతకుముందు ఆఫీసులో కూర్చోబెట్టి హీరోయిన్ మాటలన్నీ ఆమెతో చెప్పించి రికార్డు చేసుకున్నారు. ఎక్కడ ఆగాలి, ఎక్కడ నవ్వు దాచాలి, ఏ మాట మింగేయాలి, అంతా. డబ్బింగ్ అమ్మాయి అది విని విని నేర్చుకుంది. సినిమా నిడివి ఎక్కువైందని అక్క సీను తీసేశారు. పేర్లలో ఎక్కడా ఆమె పేరు లేదు.

సినిమా ఆడుతున్న మొదటి వారంలోనే ఫోన్ చేసింది. గొంతులో పొంగు. “తమ్మీ, చూసినవా? ఆ పిల్ల అచ్చం నా లెక్కనే మాట్లాడుతున్నది! జనం ఈలలు గొడుతున్నరు!”

“నీ సీను ఏదక్కా?”

“తీసేసిన్రు. పోనీ తియ్.”

“పోనీ ఏంది? పేరు గూడ వెయ్యలేదు. నీకు కోపం రాదా అసలు?”

మెల్లగా అంది. “నీ సినిమాల నా ముఖం ఉండె, మాట లేకుండె. ఇండ్ల మాటున్నది, ముఖం లేదు. రెండూ ఒక్కతాన ఎవ్వలిస్తరు తమ్మీ నాకు? నువ్వు జర పోయి చూడు.”

చూడలేదు. టీవీలో వచ్చినా చానల్ మార్చేస్తాను. ఆమెకు దొరికిన ఆ కాస్త సంతోషంలో నాకు భాగం లేదు. ఉండాలని కూడా లేదు. ఇప్పటికీ నారాయణగూడ వెళ్తే ఆమె ఇంటికి వెళ్తాను. టీ పెడుతుంది. ఆ సినిమా మాట ఇద్దరం ఎత్తం.

సీరియళ్లు ఇప్పుడు నాకంటే చిన్నవాళ్లు తీస్తున్నారు. నేను అశోక్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్‌కు పాఠాల వీడియోలు తీస్తున్నాను. ఆకుపచ్చ గుడ్డ, రెండు లైట్లు, ఒక కెమెరా. లెక్చరర్లను సరిగ్గా నిలబెట్టడం, చొక్కా మీద మెరుపు పడకుండా చూడడం నా పని. నా పూర్వాశ్రమం అక్కడ ఎవరికీ తెలియదు, నేనూ చెప్పలేదు.

మొన్నీమధ్య తెలంగాణ సంస్కృతి పాఠం తీస్తున్నాం. లెక్చరర్ కుర్రాడు, చురుకైనవాడు. సినిమాల దగ్గరికి వచ్చి, అక్క గొంతుతో నేర్చుకుని తీసిన ఆ సినిమా పేరు చెప్పాడు. “తెలంగాణ మహిళ భాషకు వెండితెర మీద గౌరవం తెచ్చిన మొదటి చిత్రం. ఇది ఇంపార్టెంట్, రాసుకోండి” అన్నాడు. నాకంటే ముందు కూడా ఈ భాషలో సినిమాలు తీసినవాళ్లు ఉన్నారు. వాళ్లను మర్చిపోయారు. నేనైతే మర్చిపోవడానికి కూడా ఎవరికీ తెలియను. కెమెరా వెనక చేతులు కట్టుకుని నిలబడ్డాను.

పాఠం ఆపి అడిగాడు. “ఎట్లొచ్చింది సార్?”

“మంచిగొచ్చింది” అన్నాను. “కాని ‘మొదటి చిత్రం’ అనేటప్పుడు కిందికి చూసిన్రు. కెమెరా దిక్కు చూసి ఇంకొక్కసారి చెప్పుండ్రి.”

చెప్పాడు. ఈసారి బాగా వచ్చింది.